ఎల్బీనగర్ చౌరస్తాలో నా చావు

లారీ వచ్చినప్పుడు నాకు భయం వేయలేదు. లారీ తర్వాత తాతగారు ఆగి, మా అబ్బాయి మొహంలోకి వంగి చూశారు చూడండి, అప్పుడు వేసింది.

నేను బాల్కనీలో బట్టలు ఆరేస్తున్నాను. దిల్‌సుఖ్‌నగర్‌లో మా ఫ్లాటుకు బాల్కనీ అంటే రెండు తీగలు, ఒక వాషింగ్ మిషను, దాని పక్కన తాతగారి ప్లాస్టిక్ కుర్చీ. మా ఇద్దరి మధ్యా తడి చీర అడ్డం. ఆయన కాళ్ళ దగ్గర నేల మీద మా ఐదేళ్ళవాడు, వాడి పక్కన వాడి ఎనిమిదేళ్ళ అక్క.

“ఎల్బీనగర్ చౌరస్తా,” అంటున్నారాయన. “మిట్టమధ్యాహ్నం. పైన ఫ్లైఓవరు, కింద ఎండ. ఆమె బస్సు దిగింది. నీలం చీర. భుజాన బ్యాగు, చేతిలో టిఫిన్ డబ్బా. ఇక్కడ ఇంట్లో పిల్లవాడు కిటికీ ఊచలు పట్టుకుని ఎదురుచూస్తున్నాడు. ఆమె రోడ్డు దాటుతోంది. విజయవాడ వైపు నుంచి లారీ. హారన్! డబ్బా ఎగిరింది. మెతుకులు... రోడ్డంతా తెల్లగా మెతుకులు.”

ఆగారు. చీర అంచు పక్కకు తీసి చూశాను. ఇడ్లీ ఉడికిందో లేదో వేలు తడిచేసుకుని గుచ్చి చూసినట్టు వాడి కళ్ళలోకి చూశారు. వాడి కింది పెదవి వణికింది. తాతగారి మొహం వెలిగిపోయింది. జేబులోంచి నిమ్మతొన బిళ్ళ ఒకటి తీసి వాడి చేతిలో పెట్టారు.

తీగ మీద నేను ఆరేస్తున్నది నీలం చీర. వచ్చే సోమవారం నుంచి నేను ఎల్బీనగర్‌లో బస్సు మారి, హయత్‌నగర్ దగ్గర ఒక డిగ్రీ కాలేజీకి కామర్స్ పాఠాలు చెప్పడానికి వెళ్ళాలి. బాబు పుట్టాక మానేసిన ఉద్యోగం మళ్ళీ దొరికింది. దానికోసం కొత్తగా కొన్నది ఒకటే వస్తువు, టిఫిన్ డబ్బా.

తాతగారంటే మా వారి తాతగారు, మా మామగారి నాన్న. తొంభై దాటారు. కన్ను, చెవి, పళ్ళు దేని దారి అది చూసుకున్నాయి గానీ గొంతు మాత్రం ఆయన్ని వదలలేదు. కుర్రతనంలో తెనాలి వైపు నాటకాలు రాసి, మద్రాసు వెళ్ళి ఒక స్టూడియోవారి కథా విభాగంలో కుదిరి, నలుపు తెలుపు రోజుల నుంచి రంగులొచ్చి చాలాకాలమయ్యేదాకా సినిమాలకు కథలూ మాటలూ రాశారు. పరిశ్రమ హైదరాబాదు వస్తే దాని వెనకే వచ్చారు. సినిమావాళ్ళు పిలవడం మానేశాక టీవీకి రాశారు. టీవీవాళ్ళు కూడా మానేశాక మా పిల్లలకు చెబుతున్నారు. పిల్లలు ఆయన్ని పెద్ద తాత అంటారు.

ఆయన పేరు మీరు విని ఉండరు. తెర మీద తన పేరు పడే సమయానికి జనం ఇంకా హాలు బయట పల్లీలు కొనుక్కుంటూ ఉండేవారని ఆయనే చెబుతారు.

ఆయన ప్రత్యేకత తల్లులు. పోట్లాటలకు ఒకరు, పౌరాణికాల్లో పద్యాలకు ఒకరు పేరుపడ్డట్టే, తెర మీద తల్లి చావాలంటే నిర్మాత మా తాతగారి ఇంటి మెట్లెక్కేవాడు. నలుపు తెలుపు కాలంలో ఆయన తల్లులు దగ్గి దగ్గి పోయేవారు. కొంగు అడ్డం పెట్టుకుని దగ్గడం, కొంగు తీసి చూసుకోవడం, కొడుకు రాగానే దాన్ని వెనక్కి దాచుకోవడం. ఈ కొంగు ఒక్కటే ఆయన సంసారాన్ని చాలా ఏళ్ళు ఈడ్చుకొచ్చింది. రంగులొచ్చాక క్షయ పనికిరాలేదు, నెత్తురు మరీ ఎర్రగా ఉంటే ఆడవాళ్ళు రారని పంపిణీదార్లు గొడవ పెట్టారట. అప్పటి నుంచి తల్లులు మేడ మెట్ల మీంచి జారిపడటం మొదలుపెట్టారు. మేడలు లేని బీద తల్లులకు లారీ. ప్రభుత్వం వారి టీవీకి వచ్చేసరికి ఊరికే చస్తే కుదరదు, చావులో సందేశం ఉండాలన్నారు. సరే, పదమూడు వారాల సీరియల్లో మూడో వారానికల్లా తల్లి కాచని నీళ్ళు తాగి పోయేది. ఇంకోదాంట్లో టీకా వేయించుకోక పోయింది. మరోదాంట్లో పొగ రాని పొయ్యి పెట్టుకోక పోయింది. ఇన్ని చావుల్లో ముసలితనం వచ్చి పోయిన తల్లి ఒక్కతీ లేదు.

“తండ్రుల్ని ఎందుకు చంపరు తాతగారూ?” అని పెళ్ళయిన కొత్తలో అడిగాను.

“తండ్రి పోతే ఆస్తి గొడవ వస్తుందమ్మా. కోర్టు సీను రాయాలి,” అన్నారు. “తల్లి పోతే పాట పెట్టుకోవచ్చు.”

అప్పుడు నవ్వాను. కొత్త కోడళ్ళం, అన్నిటికీ నవ్వుతాం.

ఆయన పని చేసే పద్ధతి ఒకటుంది. తక్కిన రచయితలు హోటలు గదుల్లో కూర్చుని నిర్మాత డబ్బుతో కాఫీలు తాగుతూ రాసుకునేవారట. ఈయన ఇంట్లోనే రాసేవారు. రాసిన ఏడుపు సీను ముందు పిల్లలకు వినిపించేవారు. మా మామగారిని, ఇరుగుపొరుగు పిల్లల్ని వరండాలో కూర్చోబెట్టి తల్లిని చంపేవారు. ఏడ్చినవాళ్ళకు తలా ఒక నిమ్మతొన. ఒక్కరు ఏడవకపోయినా ఆ కాగితాలు చింపేసి మళ్ళీ రాసేవారు, అది ఆయన నియమం. పక్కింటి అరవ పిల్లవాడికి తెలుగు రాదు. వాడు కూడా ఏడిస్తే సినిమా వంద రోజులు ఖాయమని లెక్క.

వంటింట్లో పోపు వేసుకుంటూ తాతగారి భార్య ఇదంతా వినేవారట. చావబోయే తల్లికి ఆవిడ కట్టే చీరా, ఆవిడ వాడే మాటలూ, ఆవిడ మోకాలి నొప్పీ ఉండేవి మరి. “ఏమండీ, ఈసారి దేంతో పోతున్నాను?” అని అక్కడి నుంచే అడిగేవారట. “మెట్లు,” అని ఈయన చెప్పేవారు. “మనకు మెట్లు లేవుగా,” అని ఆవిడ పోపు తిరగేసేవారు.

ఈ సంగతులన్నీ మామగారు నాకు చిక్కుడుకాయలకు ఈనెలు తీస్తూ చెప్పారు. ఆయనకు డెబ్బై దాటింది. ఇప్పటికీ హాల్లో పేపరు చదువుకుంటూ మధ్యమధ్యలో వంటింటి వైపు తల తిప్పి “ఉన్నావా?” అంటారు. మా అత్తగారు “ఆఁ” అంటారు. పేజీ తిప్పుతారు. కాసేపటికి మళ్ళీ “ఉన్నావా?” ఏదో ముద్దు ముచ్చట అనుకునేదాన్ని. చిక్కుడుకాయల రోజున గానీ అర్థం కాలేదు.

ఆ రోజే ఇంకొకటి కూడా చెప్పారు. ఆయన తల్లి చివరికి నిజంగానే పోయారు, ఎనభై దాటాక, మలక్‌పేట ఆస్పత్రిలో, మందులూ డాక్టర్లూ అన్నీ అయ్యాక. మంచం పక్కన మామగారు నిలబడి ఉన్నారు. కంట్లో చుక్క లేదు. ఏడుపు మొత్తం చిన్నప్పుడే, నిమ్మతొనల కోసం, ఖర్చయిపోయింది. అప్పుడు తాతగారు కొడుకు భుజం మీద చెయ్యి వేసి, మొహంలోకి వంగి చూసి, చిన్నగా అడిగారట: “రావట్లేదా?”

“నన్ను ఓదారుస్తున్నారని అనుకున్నారు చుట్టుపక్కల వాళ్ళు,” అన్నారు మామగారు, ఈనె తీసి పక్కన పెట్టి.

మా వారి మీద చిన్నప్పుడు తాతగారు టీవీ చావులు ప్రయోగించారు. కాచని నీళ్ళు, టీకా, పొయ్యి. బాల్కనీ సంగతి చెబితే మా వారు షూ లేసు కట్టుకుంటూ నవ్వేశారు. “మా తాత అంతే. నాకూ చెప్పేవాడు. ఇప్పుడు నాకేమైంది?” అని మెట్రోకి వెళ్ళిపోయారు. మెట్రో ఎక్కగానే ఫోను. “ఎక్కడున్నావ్?” ఆఫీసు చేరగానే ఫోను. “ఎక్కడున్నావ్?” భోజనానికి ముందు ఒకటి, తర్వాత ఒకటి. పైగా మంచినీళ్ళు మరిగించానా లేదా అని. నాకేమైంది అంటున్నాడు మహానుభావుడు.

నేను మాత్రం తక్కువదాన్నా అంటే, కాదు. స్కూలు వ్యాను కాస్త ఆలస్యమైతే చాలు, నేను గేటు దగ్గర నిలబడి మూడు రీళ్ళు రాసేస్తాను. అందులో వ్యాను బోల్తా పడుతుంది, నేను పరిగెడతాను, చెప్పు తెగుతుంది. వ్యాను వస్తుంది, పిల్లలు పోట్లాడుకుంటూ దిగుతారు. ఎల్బీనగర్ దాటడం గురించి ఉద్యోగం ఖాయమైన రోజు నుంచే నా దగ్గర ఒక సీను సిద్ధంగా ఉంది. అందుకే బాల్కనీలో లారీకి భయం వేయలేదు. ఆ లారీ నాకు ముందే తెలుసు. దాన్ని నేను ఎవరికీ చెప్పలేదు, ఆయన మాత్రం పిల్లాడికి చెప్పేశారు.

మర్నాటి నుంచి వాడు నన్ను వదల్లేదు. వంటింట్లోకి వస్తే వంటింట్లోకి, స్నానానికి వెళితే తలుపు బయట. “ఉన్నావా?” అని అడిగాడు తలుపు అవతల నుంచి. సబ్బు చేతిలోంచి జారిపోయింది. గొంతు ఐదేళ్ళది, అడిగిన తీరు డెబ్బై ఏళ్ళది. స్కూలు వ్యాను దగ్గర నా కొంగు పట్టుకుని వేలాడాడు. డ్రైవరు రెండు రోజులు ఓపిక పట్టి, మూడో రోజు వాణ్ణి ఎక్కించుకోకుండానే వెళ్ళాడు. సోమవారం నేను గడప దాటాలి. వాడు దాటనిస్తాడా అన్నది ఒక సంగతి. దాటనిచ్చాక, వీడు కూడా జీవితాంతం ఏదో ఒక వంటింటి వైపు తల తిప్పి అలా పిలుస్తూ బతుకుతాడా అన్నది అసలు సంగతి.

ఇంతలో హయత్‌నగర్ నుంచి మా అమ్మ ఫోను. మాది అక్కడే, తరతరాలుగా. ఆంధ్రా సంబంధం చేసుకుంటానంటే మా అమ్మ పెట్టిన షరతు ఒక్కటే, పచ్చళ్ళు నేర్చుకుని రమ్మంది. సినిమా రచయిత ఉన్నాడని ఎవరూ చెప్పలేదు.

“ఏంది బిడ్డా, గా ముసలాయన నిన్ను లారీ కింద ఏసిండంట?”

“ఎవరు చెప్పిన్రమ్మా?”

“చిన్నోడే చెప్పిండు ఫోన్ల. అమ్మమ్మా, అన్నం మెతుకులు రోడ్డంత పడ్డయి అనుకుంట ఒకటే ఏడ్సుడు. నాకు జర గుండె దడొచ్చింది. బతికున్న పిల్లను సంపుడేందే, గాయనకు వేరే పని లేదా?”

“గదే ఆయన పనమ్మా.”

“గట్లయితే రిటైర్ గాలేదా ఇంక?”

అమ్మ అడిగినదాంట్లో తప్పేమీ లేదు. తాతగారి గదిలోకి వెళ్ళాను. ఆయన కళ్ళు మూసుకుని పెదాలు కదుపుతున్నారు. ఎవరో చస్తున్నారన్నమాట.

“తాతగారూ, ఆ కథలో తల్లిని బతికించండి.”

“ఏ కథలో?”

“ఎల్బీనగర్ కథలో. నీలం చీర.”

“అది నువ్వు కాదమ్మా,” అన్నారు ఎంతో నొచ్చుకుని. “ఆమె అందగత్తె.”

“మరి టిఫిన్ డబ్బా?”

“డబ్బా నీదే. వస్తువులు జీవితంలోంచే తీసుకోవాలి.”

“ఆమె రోడ్డు దాటి ఇంటికొచ్చేయొచ్చు కదండీ?”

“వస్తే?”

“వస్తే ఏముంది, వస్తుంది.”

“నేనూ అదే అంటున్నాను. ఏముంది?”

నాకు ఒళ్ళు మండితే అత్తవారింటి భాష అటకెక్కుతుంది. “ఏంది తాతగారూ గిది? పిల్లగాడు బడికి పోతలేడు, బుక్కెడు బువ్వ తింటలేడు, నన్ను ఇడుస్తలేడు. మీ కథ బంద్ జేయుండ్రి!” అని అరిచాను.

ఆయన కళ్ళు తెరిచారు. నా వైపు మొదటిసారి శ్రద్ధగా చూశారు. “కోపంలో నీ మాట బలే ఉంటుంది,” అన్నారు. “ఎక్కడైనా వదిన పాత్రకు వాడదాం.” ఆ తర్వాత దుప్పటి అంచు నలుపుతూ, కాస్త సిగ్గుగా చెప్పారు. “శనివారం సీరియల్ కంపెనీ అబ్బాయి వస్తున్నాడు. తల్లి కథ కావాలట. ఇన్నేళ్ళకు అడిగారు. పిల్లలు ఏడవని సీను నేనెప్పుడూ బయటికి ఇవ్వలేదమ్మా.”

ఆయన మీద జాలి వేసింది. నాకు ఆ జాలి మీద కూడా కోపం వచ్చింది. జాలి పుట్టించడమే కదా ఆయన వృత్తి.

శనివారం ఎల్బీనగర్ నుంచి ఆ అబ్బాయి వచ్చాడు. ముప్పై ఏళ్ళుంటాయి, బైకు హెల్మెట్ ఒళ్ళో పెట్టుకుని సోఫాలో కూర్చున్నాడు. “మదర్ సెంటిమెంట్ల మీరే తోపు అంట కద సార్,” అన్నాడు. తోపు అంటే గొప్పవాడని మామగారు తాతగారి చెవిలో చెప్పాల్సి వచ్చింది.

తాతగారు లేచి నిలబడ్డారు. మామూలుగా బాత్రూముకు వెళ్ళాలంటే ఇద్దరం పట్టుకోవాలి. కథ చెప్పాలంటే మాత్రం కిటికీ ఊచ ఒకటి చాలు. బస్సు ఆయనే, ఎండ ఆయనే, హారను ఆయనే. డబ్బా ఎగిరేసరికి ఆ అబ్బాయి కళ్ళు తుడుచుకున్నాడు. తాతగారు వంగి, మొహంలోకి చూసి, జేబులోంచి నిమ్మతొన తీసి అతని చేతిలో పెట్టారు. అతను అయోమయంగా నోట్లో వేసుకున్నాడు.

“సూపర్ సార్. కండ్లల్ల నీళ్ళు దిరిగినయ్. ఒక్కటే చిన్న మార్పు,” అన్నాడు బిళ్ళ బుగ్గన పెట్టుకుని. “తల్లి సచ్చిపోవద్దు.”

తాతగారికి వినబడలేదు. వినబడినా నమ్మలేదేమో. “ఏమంటాడు?” అని నన్ను అడిగారు. కాఫీ పళ్ళెం బల్ల మీద పెట్టి, ఆయన చెవి దగ్గరకు వంగి, గొంతు నిండా ఊపిరి తీసుకుని చెప్పాను: “తల్లి చచ్చిపోకూడదట తాతగారూ!” నా కాపురంలో ఇంత ఇష్టంగా పలికిన మాట ఇంకొకటి లేదు.

“ఎందుకని?”

“గా మదర్ రోల్‌కి పెద్ద మేడమ్‌ని అనుకుంటున్నం సార్. అగ్రిమెంట్ పెద్దది. మూడో ఎపిసోడ్ల ఆమెను సంపితే మా ఓనర్ నన్ను సంపుతడు.”

“మరి లారీ?”

“లారీ ఉంచుదాం సార్, లారీ మస్తుంది. గుద్దుతది. కోమాల పడ్తది. మేడమ్ డేట్స్ ఇచ్చినప్పుడు కండ్లు తెరుస్తది, ఇయ్యనప్పుడు మూస్తది.”

“ఎన్నాళ్ళు?”

“రేటింగ్ ఉన్నన్నాళ్ళు.”

తాతగారు కుర్చీలో కూలబడ్డారు. జీవితంలో నిర్మాతలు చంపమంటే ఆయన చంపారు, తొందరగా చంపమంటే తొందరగా చంపారు, ఒక దీపావళి సినిమాకి పండగ ముందు చంపొద్దంటే పండగయ్యాక చంపారు. చంపొద్దని ఎవరూ అనలేదు. “అది చావు కంటే ఘోరం కదయ్యా,” అన్నారు నెమ్మదిగా.

“గదే సార్ కాన్సెప్ట్,” అన్నాడతను.

తలుపు చాటు నుంచి మా వాడు బయటికొచ్చాడు. “కోమా అంటే ఏంటి అంకుల్?”

“నిద్ర బేటా. మమ్మీ పండుకుంటది, ఎంత లేపినా లేవది. కానీ పరేషాన్ గావొద్దు, ఇంట్లనే ఉంటది.”

అతను పాపం మంచి ఉద్దేశంతోనే చెప్పాడు. ఆలోచించి ఫోన్ చేస్తానని చెప్పి హెల్మెట్ తీసుకుని వెళ్ళాడు. అప్పటిదాకా నేను బయటికి వెళితేనే చచ్చేదాన్ని. ఇప్పుడు ఇంట్లో ఉన్నా ఒక ఏర్పాటు జరిగింది.

ఆదివారం మధ్యాహ్నం యూనిఫారాలు ఇస్త్రీ చేసి కాసేపు నడుం వాల్చాను. కన్ను మూతపడిందో లేదో, చిన్న వేలు ఒకటి నా రెప్పను పైకెత్తింది. రెప్ప వెనక నేను ఉన్నానా లేదా అని వాడు చాలా దగ్గరగా చూస్తున్నాడు. అరిచాను. వాడు ఏడ్చాడు. అక్క వచ్చి, “అమ్మ నిద్రపోతోంది, కోమా కాదు, కోమా అయితే గురక రాదు,” అని వాడికి ధైర్యం చెప్పింది.

సాయంత్రం దాకా కోపం దిగలేదు. దీపాలు పెట్టే వేళకు తాతగారి కుర్చీని నేనే హాల్లోకి లాక్కొచ్చాను. మా వాణ్ణి ఆయన ఎదురుగా కూర్చోబెట్టాను. “మీరు పెట్టిన లారీ, మీరే తీయండి,” అన్నాను. “వాడి ఎదురుగా ఆమెను ఇంటికి తీసుకురండి.”

పాపం, ప్రయత్నించారు. ఆ మాట ఒప్పుకోవాలి. చౌరస్తా దాటించారు. లారీ ఆగింది. ఆమెను ఆటో ఎక్కించారు. ఆటోకి బ్రేకులు పడలేదు.

“తాతగారూ!”

“సరే, సరే.” ఆటో దింపారు. కొత్తపేట మీదుగా నడిపించుకొచ్చారు. మా వీధి మలుపు తిప్పారు. అక్కడ కడుతున్న అపార్టుమెంటు ఒకటుంది, దాని పైనుంచి ఇటుక.

మా వాడు చెవులు మూసుకున్నాడు.

“తప్పు, తప్పు, ఇటుక లేదు,” అని ఆయన చెమట తుడుచుకున్నారు. మూడో అంతస్తు దాకా మెట్లెక్కించారు. మెట్లు అనేసరికి ఆయన గొంతు వణికింది, ఎన్ని మెట్లు చూసిన గొంతు! అయినా నిలదొక్కుకుని ఆమెను మా తలుపు ముందుకు తెచ్చారు. ఆమె కాలింగ్ బెల్ మీద వేలు పెట్టింది. వేలు తడిగా ఉంది. తీగ ఊడి ఉంది. నేను ఆయన నోటి వైపు చూస్తున్నాను, ఆయన కళ్ళలో నిజమైన భయం ఉంది. ఆపుకోలేకపోతున్నారు.

“నాన్నా, ఉండండి,” అన్నారు మామగారు. పేపరు మడిచి పక్కన పెట్టారు. “ఆ తలుపు నేను తీస్తాను.”

మామగారు తండ్రి చెప్పే కథకు అడ్డం రావడం మా ఇంట్లో ఎవరూ ఎరగరు.

“తలుపు తీశాను,” అన్నారు మా వాడి వైపు తిరిగి. “అమ్మ లోపలికొచ్చింది. చెప్పులు విప్పింది. ఒక చెప్పు బోర్లా పడితే కాలితోనే తిప్పింది. సంచీ కింద పెట్టి, ‘వంకాయలన్నీ పుచ్చులే ఇచ్చాడు వెధవ’ అంది.”

“తర్వాత?” అన్నారు తాతగారు, విసుగ్గా.

“కాళ్ళు కడుక్కుంది. ‘బిందె మీద మూత ఎవరు తీశార్రా’ అంది.”

“ఎవరు తీశారు?” అన్నాడు మా వాడు చెవుల మీంచి చేతులు తీసి.

“నేనే.”

“తిట్టిందా?”

“తిట్టింది. మజ్జిగ తాగుతూ తిట్టింది. ఆ తర్వాత పుచ్చులు తీసి పారేసి, మంచి ముక్కలు నీళ్ళలో వేసింది.”

“ఎన్ని వంకాయలు?”

మామగారు చాలాసేపు వంకాయలు తరిగారు. ఉల్లిపాయలు తరిగారు. పొయ్యి అంటించడానికి అగ్గిపెట్టె దొరక్క వెతికారు. నేను వాళ్ళ అమ్మగారిని ఫొటోలోనే చూశాను. మద్రాసు పాండీబజారు వెనక అద్దింట్లో తిరిగినట్టే ఆవిడ ఆ సాయంత్రమంతా మా హాల్లో తిరిగారు, ఏ రోగమూ లేకుండా. కూర దించేలోపు మా వాడు మామగారి తొడ మీద తల పెట్టి నోరు తెరిచి నిద్రపోయాడు.

మా అత్తగారు చేతులు తుడుచుకుంటూ వంటింట్లోంచి వచ్చారు. “ఏమండీ, ఇందాకటి నుంచీ పిలవలేదేం? బానే ఉన్నారా?” అని మామగారి నుదురు తాకి చూశారు.

తాతగారు వంగి మా వాడి మొహంలోకి చూశారు, ఎప్పటిలాగే. “పడుకున్నాడు,” అన్నారు. “ఫ్లాపు.” అలాగే వంగి ఉండి, “ఆ వంకాయల మాట మీ అమ్మదే. నాకూ గుర్తుంది,” అన్నారు. మేము ఆయన్ని మెత్తబడ్డారని అనుకునేలోపే నిటారుగా కూర్చుని, “కథకు పనికిరాదని వాడలేదు,” అని ముగించారు.

సోమవారం పొద్దున చీరల దగ్గర నిలబడి నీలందాన్ని పక్కకు జరిపి ఆకుపచ్చది తీశాను. మా అమ్మాయి జడ వేయించుకుంటూ, “నీలందే కట్టుకో. లేకపోతే నువ్వే భయపడ్డావని తమ్ముడికి తెలిసిపోతుంది,” అంది. నీలందే కట్టుకున్నాను. టిఫిన్ డబ్బా సంచీలో, కనబడకుండా, అడుగున పెట్టాను.

చెప్పులు తొడుక్కుంటుంటే వాడు వచ్చాడు. కొంగు పట్టుకోలేదు. సాయంత్రం వస్తానని తన నెత్తి మీద చెయ్యి పెట్టి ఒట్టు వేయమన్నాడు. వేయలేదు. తాతగారి సినిమాల్లో ఒట్టు వేసిన తల్లి ఒక్కతీ సాయంత్రానికి మిగల్లేదు. పైగా ఎల్బీనగర్‌లో లారీలు నిజంగానే తిరుగుతాయి. ఇద్దరినీ చెప్పుల స్టాండు పక్కన కూర్చోబెట్టి, నాకు చేతనైంది చెప్పాను.

“రోడ్డు దాటుతాను. రెండు వైపులా చూసి దాటుతాను. వచ్చి చెప్పులు విప్పుతాను, మీ స్కూలు డబ్బాల్లో అన్నం ఎందుకు వదిలేశారని మిమ్మల్ని తిడతాను. అంతే, ఇంక కథేమీ లేదు. నేనొచ్చేలోపు పెద్ద తాత లారీని పంపిస్తే పంపనివ్వండి. డబ్బా ఎగిరాక ఆయన ఆగి మీ మొహాల్లోకి చూస్తారు. అప్పుడు ఏడవకండి. నిమ్మతొనలు కావాలంటే నేను తెచ్చిపెడతాను. ‘వంకాయలు తెచ్చిందా?’ అని అడగండి. మీరు ఏడవకపోతే ఆయన మార్చి రాసి తీరాలి. అది ఆయన పెట్టుకున్న నియమమే.”